సముద్రం మొలిపించిన చెట్టు

(అమలాపురంలో చేసిన స్మారకోపన్యాసానికి అచ్చు ప్రతి)



మాస్టారు పగలు వృక్షశాస్త్రం చెప్పేవారు, సాయంత్రం రామాలయం అరుగు మీద పురాణం చదివేవారు. రెంటికీ గొంతు ఒకటే. పురాణంలో చెట్టు వస్తే అది ఏ కుటుంబానికి చెందిందో చెప్పేవారు. క్లాసులో చెట్టు వస్తే దాని వెనకున్న కథ చెప్పేవారు. అలాంటి మనిషి పేరున పెట్టిన నిధి ఉపన్యాసానికి రెండు వైపులా చెల్లే విషయం ఏదని ఆలోచించి, ఒక చెట్టును ఎంచుకున్నాను. అది సముద్రంలో పుట్టిన చెట్టు. కోరినదిస్తుంది, విషం విరుస్తుంది, ముసలితనాన్ని ఆపుతుంది, దేవుడిలా పూజలందుకుంటుంది. వచ్చిన చిక్కల్లా అది లేకపోవడమే. లేకపోయినా దాదాపు అన్ని తీరాలవాళ్లూ దాన్ని కల్పించుకున్నారు.

నేను చెప్పదలచుకున్నది ముందే చెప్పేస్తాను. మన సభల్లో చివరిదాకా కూర్చునేది వక్త బంధువులే కదా. లేని సముద్రపు చెట్టుకు మనం గుడి కట్టాం, కావ్యం రాశాం, వాహనం చేయించాం. నిజంగా సముద్రపు నీటిలో మొలిచే చెట్టు మన గోదావరి మొగల దగ్గరే ఉంది, దానికి మాత్రం ఇక్కడ ఎవరూ బొట్టు పెట్టలేదు. ఎక్కణ్ణుంచో కొట్టుకొచ్చిన కొయ్యను దేవుడంటాం. ఊరి చివర బురదలో నిలబడ్డదాన్ని నరికి పొయ్యిలో పెడతాం. ఇది మన ఒక్కరి గుణం కాదని చెప్పడానికి కాస్త దూరం తీసుకెళ్తాను.

పాలసముద్రం కథ మీకు తెలిసిందే. హాలాహలం తర్వాత ఒక్కొక్కటీ పైకి వస్తుంటే వాటిలో ఒక చెట్టూ వచ్చింది. ఒక పురాణంలో దాని పేరు పారిజాతం, ఇంకోదాంట్లో కల్పవృక్షం. అమరకోశం దేవతల చెట్లు అయిదని లెక్క కట్టింది: మందారం, పారిజాతం, సంతానం, కల్పవృక్షం, హరిచందనం. ఉప్పునీటిలోంచి వచ్చిన చెట్టు భూమ్మీద ఆగలేదు, తిన్నగా ఇంద్రుడి తోటకు వెళ్లింది. రాయలవారి కొలువులో నంది తిమ్మన ఒక్క పువ్వు మీద వచ్చిన అలకతో కావ్యమంతా నడిపి, ఆ చెట్టును సత్యభామ పెరట్లోకి దింపించాడు. ఆ తర్వాతి సంగతి తిమ్మన చెప్పలేదు, విష్ణుపురాణం చెప్పింది. కృష్ణుడు అవతారం చాలించగానే పారిజాతం స్వర్గానికి వెళ్లిపోయింది, ద్వారకను సముద్రం ముంచేసింది. చెట్టు పోవడం, ఊరు మునగడం ఒకే చోట వచ్చాయి. పురాణకర్త ఏ ఉద్దేశంతో రాశాడో గానీ, తీరంలో బతికేవాడికి ఆ రెండూ పక్కపక్కన కనిపించగానే గుండె ఒకసారి ఆగుతుంది. ఎందుకో కాసేపట్లో చెబుతాను.

మనకంటే ముందే మెసొపొటేమియావాళ్లు ఇదే చెట్టును నీటి అడుగున పెట్టారు. గిల్గమేష్ అనే రాజు స్నేహితుడు చచ్చిపోతే, చావు లేకుండా చేసుకోవాలని లోకమంతా తిరిగి, చివరికి కాళ్లకు రాళ్లు కట్టుకుని నీట మునిగి, చేతులకు ముళ్లు గుచ్చుకుంటున్నా ఒక మొక్కను పెరికి తెచ్చాడు. దాన్ని తింటే ముసలివాడు పడుచువాడవుతాడు. దారిలో స్నానానికి దిగినప్పుడు పాము వచ్చి మొక్కను తినేసి, కుబుసం విడిచి జారుకుంది. మనవాళ్లు దేవుళ్లనూ రాక్షసులనూ పోగుచేసి, కొండనూ పామునూ తెచ్చి, చివరికి ఎలాగో అమృతం సంపాదించారు. అతను ఒంటరిగా దిగాడు, వట్టి చేతులతో వచ్చాడు. నాకు అతని కథే నిజమనిపిస్తుంది.

ఈ రెండూ కథలు. ఇప్పుడు చెప్పబోయేదాన్ని నమ్మినవాళ్లు డబ్బులు పోసి కొన్నారు.

హిందూ మహాసముద్రంలో మాల్దీవుల ఒడ్డుకు ఎప్పుడో ఒకసారి ఒక వింత కాయ కొట్టుకొచ్చేది. కొబ్బరికాయ రెంటిని పక్కపక్కన అతికించినట్టుంటుంది, నల్లగా, బరువుగా. పై డొక్క ఊడిపోయాక దాని ఆకారం చూసి నావికులు ఏమనుకున్నారో ఈ సభలో చెప్పనక్కర్లేదు. ఆ చెట్టును చూసినవాడు మాత్రం ఒక్కడూ లేడు. మాల్దీవుల్లో లేదు, మలబారులో లేదు, సింహళంలో లేదు. మరి కాయ ఎక్కడిది? సముద్రం అడుగున కాసిందన్నారు. మలయా నావికులు ఇంకాస్త ముందుకెళ్లారు. సముద్రానికి బొడ్డు లాంటి చోట ఒక సుడిగుండం ఉందట, ఆ సుడి మధ్య ఈ చెట్టు నీళ్లలోంచి పైకి లేచి ఉందట, దాని కొమ్మల మీద గరుడ పక్షి గూడు కట్టుకుని ఉంటుందట. అటు వెళ్లిన ఓడ తిరిగి రాదు. పదిహేడో శతాబ్దంలో అంబాయినా దీవిలో ఉండి, చూపు పోయినా మొక్కల మీద మహాగ్రంథం రాయించిన రంఫియస్ అంతటి పండితుడు కూడా ఇది నేల మీద కాసేది కాదు, సముద్రంలోనే మొలుస్తుందన్నాడు.

గరుడుడు అనగానే మన ముందు వరసలో కూర్చున్నవాళ్ల మొహాలు వెలిగాయి. అవునండీ, మన వైనతేయుడే. ఆయన పేరుతో ఒక గోదావరి పాయ ఉన్న సీమ మనది. అమృతం కోసం వెళ్తూ ఆయన పెద్ద మర్రికొమ్మ మీద వాలితే అది విరిగిందనీ, దానికి వాలఖిల్యులు తలకిందులుగా వేలాడుతున్నారనీ భారతం చెబుతుంది. అమృతానికీ చెట్టుకూ గరుడుడికీ ఉన్న ఆ బంధం ఓడలెక్కి మలయా దీవులకు వెళ్లి, అక్కడి సముద్రపు చెట్టు మీద వాలింది.

ఇక ధర సంగతి. మాల్దీవుల్లో ఆ కాయ ఎవరికి దొరికినా రాజుకు చెందాల్సిందే, దాచుకుంటే ప్రాణం తీసేవారు. గోవాలో ఉన్న పోర్చుగీసు వైద్యుడు గార్సియా ద ఓర్టా 1563లో అచ్చువేసిన పుస్తకంలో విషానికి విరుగుడుగా దీనికున్న పేరు గురించి రాశాడు. ఆ దీవులు ఒకప్పుడు పెద్ద నేల అనీ, మునిగిపోయిన తోటల్లోంచి ఈ కాయలు పైకి వస్తున్నాయనీ అక్కడివాళ్లు చెప్పుకునే మాట కూడా రాశాడు. 1602లో బాంటం సుల్తాను ఒక డచ్చి నౌకాధికారికి బహూకరించిన కాయను రుడాల్ఫ్ చక్రవర్తి 4,000 బంగారు ఫ్లోరిన్లు పెట్టి కొన్నాడని చెబుతారు. ఆ కాయకు వెండి తొడుగు వేయించి కూజాగా మార్చారు. అందులో పోసిన నీళ్లకు విషం అంటదట. విషప్రయోగానికి భయపడేది రాజులే కనుక కొనేదీ వాళ్లే.

1768లో ఫ్రెంచివాళ్లు సేషెల్స్ దీవులు కొలుస్తూ ప్రాస్లిన్ అనే దీవిలో దిగితే ఎదురుగా ఆ చెట్టు. నేల మీదే ఉంది. కొండ వాలులో, తాడిచెట్టులా ఠీవిగా. రహస్యం ఆ కాయ బరువులో ఉంది. పండిన కాయ నీళ్లలో పడితే రాయిలా మునుగుతుంది. అడుగున కుళ్లి, లోపలి గుజ్జంతా పోయి, వట్టి టెంక మిగిలాకే పైకి తేలుతుంది. అంటే ఒడ్డుకు చేరినవన్నీ చచ్చిన కాయలే. ఒక్కటీ మొలకెత్తదు కనుక ఏ తీరంలోనూ చెట్టు లేదు, ఏ తీరంలోనూ లేదు కనుక అది సముద్రపు చెట్టయింది. వందల ఏళ్లపాటు రాజులు పూజించి కొన్నది ఆ టెంకనే.

తర్వాతి ఏడు ఒక ఓడ ఆ కాయలను నింపుకుని భారతదేశానికి వచ్చింది, ధర అమాంతం పడిపోయింది. పవిత్రత మాత్రం పడలేదు చూశారా! ఇవాళ్టికీ గోదావరి పుష్కరాలకు వచ్చే సాధువుల చేతిలో నల్లగా నిగనిగలాడే కమండలం కనిపిస్తే, అది చాలాసార్లు ఈ టెంకలో సగమే. ఫకీర్ల భిక్షాపాత్ర కూడా అదే. యునానీ కొట్లో దర్యాయి నారియల్ అని అడిగితే చిన్న ముక్క అరగదీసి వాడుకోమని ఇస్తారు. జనరల్ గార్డన్ అనే ఆంగ్లేయ సేనాని 1881లో ప్రాస్లిన్ లోయ చూసి, ఆదాము అవ్వల తోట ఇదే, వాళ్లు తినకూడని పండు ఇదే అని తేల్చాడు. మన దేశంలో హౌరా వృక్షోద్యానంలో 1894లో ఒక చెట్టును నాటారు. అది పూత పూయడానికి దాదాపు వందేళ్లు తీసుకుంది. నాటిన తోటమాలి మనవడికైనా ఆ పూత చూసే అదృష్టం దక్కి ఉంటుందో లేదో.

దీన్నిబట్టి మనిషి మనసు ఎలా పనిచేస్తుందో కొంత అర్థమవుతుంది. వేరు ఎక్కడుందో తెలియనిదానికి మహత్యం ఎక్కువ. నీళ్లు తెచ్చి ఒడ్డున పెట్టినదాన్ని ఎవరో పంపారనుకుంటాం. ఋగ్వేదం పదో మండలంలో, సముద్రపు ఒడ్డున మనిషి తోడు లేకుండా తేలుతున్న దుంగ ప్రస్తావన ఉంది. దాన్ని పూరీ జగన్నాథుడికి అన్వయించి చెప్పడం ఆ క్షేత్ర సంప్రదాయం. అంతదూరం దేనికి, మన కొత్తపేట పక్కన ఆత్రేయపురం మండలం వాడపల్లికి వెళ్లండి. గౌతమిలో కొట్టుకొచ్చిన ఎర్రచందనపు కొయ్యలో వెలసిన వేంకటేశ్వరుడు. ఏడు శనివారాలు, ఏడేసి ప్రదక్షిణలు చేస్తే కోరిక తీరుతుందని జనం. శనివారం నాడు రావులపాలెం నుంచి అక్కడిదాకా కార్లు బారులు తీరుతాయి. కోరినదిచ్చే చెట్టు, నీటి మీద వచ్చిన చెట్టు, రెండూ ఆ మూర్తిలో కలిశాయి. నాకు ఆ స్వామి అంటే భక్తే. భక్తి ఉన్నచోట ప్రశ్న ఉండకూడదని మాస్టారు ఎన్నడూ అనలేదు.

ఇక మన కొబ్బరి.

సముద్రపు చెట్టని ఎవరైనా అంటే కోనసీమవాడికి ముందు గుర్తొచ్చేది ఇదే. కల్పవృక్షమని ఊరికే అన్నామా? అమరకోశం లెక్కించిన అయిదింటిలో ఇది లేదు, ఋగ్వేదంలోనూ కొబ్బరికాయ ప్రసక్తి లేదు. బయట నుంచి, నీటి దారిన వచ్చి దేవుడి ముందు మొదటి కాయగా కూర్చుంది. క్రీస్తు శకం తొలి శతాబ్దాల్లో నాసిక్ గుహలో నహపానుడి అల్లుడు ఉషవదాతుడు వేయించిన శాసనంలో కొబ్బరి చెట్లను వేల లెక్కన దానమిచ్చిన సంగతి ఉంది. నిధి ఉపన్యాసం కాబట్టి చెబుతున్నాను, తోటను శాశ్వత నిధిగా రాసివ్వడం మన దేశంలో అంత పాతది.

ఈ కాయ మాత్రం బతికే తేలుతుంది. హవాయిలో ఎడ్మండ్‌సన్ అనే ఆయన 1941లో ప్రకటించిన పరీక్షల్లో 110 రోజులు సముద్రపు నీటిలో ఉన్న కాయ కూడా మొలకెత్తింది. పీచు ఈదుతుంది, టెంక కాపాడుతుంది, లోపలి నీళ్లు మొలకకు తాగునీరు. అయితే 1947లో కోన్-టికీ తెప్ప మీద పసిఫిక్ దాటిన నావికులు తెప్ప కింద ఉప్పునీటికి తగిలిన కాయలు పాడయ్యాయనీ, పైన ఉంచినవే నిలిచాయనీ చెప్పారు. కాబట్టి సముద్రం తెచ్చింది కొంత, పడవ తెచ్చింది కొంత. 2011లో కొబ్బరి జన్యువుల మీద వచ్చిన అధ్యయనం ఈ చెట్టును మనిషి రెండు చోట్ల మచ్చిక చేశాడని తేల్చింది. ఒకటి ఆగ్నేయాసియా దీవులు, రెండోది దక్షిణ భారతం, శ్రీలంక, మాల్దీవులు, లక్షదీవులు కలిసిన చుట్టుపక్కల. కథలోని కాయ కొట్టుకొచ్చిన నీళ్లలోనే నిజం కాయా తిరిగింది.

అంబాజీపేట మార్కెట్టు గురించి, కురిడీ ధర గురించి, దింపు కూలి గురించి మీకు చెప్పేటంత తెలివి నాకు లేదు. ఆ ఊరి పరిశోధన కేంద్రం తూర్పు తీరపు పొడుగు రకాన్ని మన గంగబొండాంతో కలిపి గోదావరి గంగ తీసిందని గర్వంగా చెప్పుకుంటే చాలు. నా ప్రశ్న వేరు. ఇంత దగ్గరివాడైన ఈ సముద్రపు చెట్టు సముద్రం మన మీద పడితే కాపాడుతుందా?

1996 నవంబరు 6 రాత్రి తుఫానులో ఇక్కడున్నవాళ్లకు ఆ జవాబు తెలుసు. వెయ్యి మందికి పైగా పోయారు. భైరవపాలెం, బలుసుతిప్ప వైపు వేటకు వెళ్లిన పడవలు ఎన్నో తిరిగి రాలేదు. తెల్లారేసరికి తలలు తెగి, వేళ్లతో సహా లేచిపోయి, ఇళ్ల మీద అడ్డంగా పడ్డ కొబ్బరి చెట్లు లక్షల్లో. కొడుకులా పెంచుకున్న చెట్టు కప్పు మీద పడి చంపిన ఇళ్లున్నాయి.

గాలి సంగతి అలా ఉంచండి. ఉప్పు సంగతి చూడండి. ఇసుకలో కదిలే నీటికి కొంత ఉప్పు తగిలినా కొబ్బరి ఓర్చుకుంటుంది. చెట్టు మొదలు దగ్గర ఉప్పునీరు నిలిస్తే మాత్రం వేరు కుళ్లుతుంది, మొవ్వు వాలుతుంది, మోడు మిగులుతుంది. శంకరగుప్తం మేజర్ డ్రెయిన్ వెంట రాజోలు వైపు పల్లెల్లో జరిగింది అదే. పోటు సమయంలో సముద్రం డ్రెయిన్‌లోకి ఎక్కింది, తోటల్లో నిలిచింది, వేల చెట్లు తలలు వాల్చాయి. 2025 నవంబరులో ఉప ముఖ్యమంత్రి కేశనపల్లి వచ్చి ఆ మోడులు చూసి వెళ్లారు. కారణాలు అందరికీ తెలుసు. డ్రెయిన్లలో పూడిక తీయకపోవడం, మొగలు మూసుకోవడం, చెరువుల కోసం ఉప్పునీటిని మనమే లోపలికి తోడుకోవడం, ఎగువ ఆనకట్టల వెనక ఒండ్రు ఆగిపోయి డెల్టా అంచు తరుగుతుండటం. ఎవరి వంతు ఎంతో లెక్కలు తేల్చే సభ కాదిది. కల్పవృక్షం మాత్రం ఉప్పునీటి ముందు ఓడిపోయింది.

ఓడనిది ఇంకోటి ఉంది.

కాట్రేనికోన, ఐ.పోలవరం మండలాల చివర కందికుప్ప, మగసానితిప్ప, బలుసుతిప్ప. గౌతమి అవతలి వైపు 1978లో అభయారణ్యం చేసిన కోరంగి, 235 చదరపు కిలోమీటర్లు. ఆ బురదలో ఉన్నది మడ. మన పుస్తకాల్లో మడ అడవులు అని ఒక ముద్దగా రాస్తారు గానీ, వేటకెళ్లేవాళ్లు ఒక్కోదాన్ని విడిగా పిలుస్తారు: నల్ల మడ, తెల్ల మడ, ఉప్పు పొన్న, తిల్ల, కళింగ. మాస్టారు పిల్లల్ని పడవెక్కించి పాటు సమయానికి అక్కడికి తీసుకెళ్లేవారు. తెల్ల మడ ఆకు కోసి నాలిక మీద పెట్టుకోమనేవారు. ఉప్పగా ఉంటుంది. వేరు పీల్చిన ఉప్పును ఆ చెట్టు ఆకు మీదకు చెమటలా కక్కేస్తుంది. పాలసముద్రం కథలో శివుడు విషం మింగి గొంతులో నిలుపుకున్నాడు, ఇది మింగి బయటికి పోస్తోంది, ఏది తెలివైన పనో మీరే చెప్పండిరా అనేవారు. ఇంటికెళ్లి ఆ మాట అప్పజెప్పి తిట్లు తిన్నవాళ్లు ఈ సభలోనూ ఉన్నారు.

మహత్యాలు కావాలంటే మడలో ఉన్నన్ని కల్పవృక్షంలో లేవు. బురదలో గాలి ఉండదు కనుక మడ వేళ్లు మేకుల్లా నేలలోంచి పైకి పొడుచుకొచ్చి ఊపిరి పీలుస్తాయి. పోటు వస్తే మునుగుతాయి, పాటు తీస్తే గాలి పట్టుకుంటాయి. ఉప్పు పొన్న అడుగుకొక కాలు చాపి నిలబడుతుంది. దాని గింజ నేల మీద పడి మొలకెత్తదు, తల్లి చెట్టు మీద ఉండగానే మొలకెత్తి, ములుకులా కిందికి సాగి, ఎదిగిన మొక్కగా జారిపడుతుంది. బురద దొరికితే గుచ్చుకుంటుంది, లేకపోతే నీటిలో తేలుతూ వెళ్లి దొరికినచోట నిలబడుతుంది. సేషెల్స్ కాయ చచ్చి తేలింది, కొబ్బరి తేలినా నేలకెక్కితే తప్ప నిలవలేదు. ఇది బతికి తేలి, ఉప్పునీటిలోనే వేరు దిగుతుంది. సముద్రపు చెట్టంటే ఇదీ!

గ్రీకులు దీన్ని చూసి ఆశ్చర్యపోయారు. సింధు మొగ నుంచి పర్షియన్ గల్ఫ్ వైపు వెళ్లిన అలెగ్జాండరు నావికులు, పోటు వచ్చినప్పుడు సగందాకా మునిగి, పాటు తీసినప్పుడు వేళ్ల మీద నిలబడి కనిపించే చెట్ల గురించి చెబితే, అరిస్టాటిల్ శిష్యుడు థియోఫ్రాస్టస్ తన వృక్షగ్రంథంలో రాసుకున్నాడు. క్రీస్తు పూర్వం నాలుగో శతాబ్దం నాటి మాట. రాజుల కూజాలకు ఎక్కలేదు గానీ, చదువుకున్నవాడి పుస్తకానికి ఎక్కింది.

మన దేశంలో దీనికి గుడే లేదా అంటే, ఉంది. చిదంబరం. నటరాజస్వామి ఆడింది తిల్లవనంలో. ఆ క్షేత్రానికి తిల్లై అనే పేరు ఆ చెట్టు నుంచే వచ్చింది, స్థలవృక్షమూ అదే. ఆ తిల్ల మడ జాతుల్లో ఒకటి. గుడి చుట్టూ ఇప్పుడు అడవి లేదు, కాస్త దూరంలో పిచ్చవరం మడలో ఉంది. తిల్ల పాలు కంట్లో పడితే చూపు పోయేంత మంట పుడుతుంది, అందుకే కట్టె కొట్టేవాళ్లు కూడా జాగ్రత్తగా ముట్టుకుంటారు. అదే తిల్ల మన కోరంగిలో ఉంది, బలుసుతిప్పలో ఉంది. అక్కడ శివుడు నాట్యానికి ఎంచుకున్న చెట్టు ఇక్కడ కంచెకు కర్ర.

మహత్యం మాటల్లో చెప్పాను, ఇప్పుడు లెక్కలో చెబుతాను. 1999 ఒడిశా మహాతుఫానులో కేంద్రపాడా జిల్లా గ్రామాలను సౌదామిని దాస్, జెఫ్రీ విన్సెంట్ అనే ఇద్దరు పరిశీలించి 2009లో ఫలితాలు అచ్చువేశారు. సముద్రానికీ తమకూ మధ్య వెడల్పైన మడ ఉన్న ఊళ్లలో చావులు తక్కువ. మడ లేని ఊళ్లలో, పలచబడ్డ ఊళ్లలో ఎక్కువ. మడ ఉంటే ఎవరూ చావరని వాళ్లు అనలేదు, నేనూ అనను. ముందే ఖాళీ చేయించడం, పక్కా ఇల్లు, తుఫాను షెల్టరు, వీటికి మడ బదులు కాదు. కానీ కెరటం జోరు ఆ వేళ్ల చిక్కులో తగ్గుతుంది, ఒండ్రు అక్కడ ఆగుతుంది, నేల పెరుగుతుంది. మండపీత అక్కడే ఎదుగుతుంది, రొయ్య పిల్ల అక్కడే దాక్కుంటుంది. నీటికుక్క, నీటిపిల్లి అక్కడే పిల్లల్ని పెడతాయి. యానాం సంతలో మండపీత బేరమాడేవాడు నిజానికి మడ పండించిన పంటను బేరమాడుతున్నాడు.

చెట్టు పోయింది, ఊరు మునిగింది అన్న విష్ణుపురాణపు వరసను ఇందాక మధ్యలో వదిలేశాను. మడ కొట్టేసిన తీరంలో ఆ మాట చదివితే అది పురాణంలా ఉండదు.

మరి మనం ఎందుకు బొట్టు పెట్టలేదు? మాస్టారు చెప్పిన కారణం ఒకటుంది, నాకది నచ్చింది. మడ దగ్గరికి వెళ్లేవాళ్లు పల్లెవాళ్లు, వేటవాళ్లు, కట్టెలు కొట్టుకునే పేదలు. పురాణం చెప్పేవాడు అక్కడికి వెళ్లలేదు. బురదలో దిగనివాడికి దేవుడు ఒడ్డుకు కొట్టుకొస్తేనే కనబడతాడు. అయితే ఇక్కడ ఒక గౌరవనీయమైన మినహాయింపు ఉంది. అంతర్వేది లక్ష్మీనరసింహస్వామి ఆలయాన్ని 1823లో ఇప్పుడున్న రూపంలో కట్టించింది కొపనాతి కృష్ణమ్మగారు. ఆయన పుట్టింది సముద్రాన్ని నమ్ముకున్న కులంలో. నడిసముద్రంలో చిక్కుకున్న ఓడలను స్వామి ఒడ్డుకు చేర్చాడన్న కృతజ్ఞతతో కట్టించారని చెప్పుకుంటారు. ఉప్పునీటిలో బతికినవాడే ఆ గుడికి పునాది వేశాడు. అందుకే నా విన్నపం ఆ గుడి నుంచే మొదలుపెడతాను.

అంతర్వేదిలో మాఘ శుద్ధ దశమి రాత్రి కల్యాణం, భీష్మ ఏకాదశి నాడు రథోత్సవం. వశిష్ఠ సముద్రంలో కలిసే అన్నాచెల్లెళ్ల గట్టు దాకా జనం నడుస్తారు, స్నానం చేస్తారు, కొబ్బరికాయ కొడతారు. దేవస్థానంవారూ అటవీశాఖవారూ కలిసి దగ్గరలో అనువైన ఉప్పుటేటి గట్టున మడ పెంచి, దాన్ని స్వామివారి వనంగా ప్రకటించాలి. తిల్ల చిదంబరానికి స్థలవృక్షమైనప్పుడు మడ అంతర్వేదికి ఎందుకు కాకూడదు? శాస్త్రం ఒప్పుకోదని ఎవరైనా పండితులంటే, వాడపల్లి స్వామి ఏ శాస్త్రాన్ని అడిగి గౌతమిలో తేలి వచ్చాడో వారినే అడగండి.

ఒక హెచ్చరిక కూడా చెప్పాలి. ఉత్సాహం కొద్దీ ఎక్కడ పడితే అక్కడ మడ నాటకండి. తాబేళ్లు గుడ్లు పెట్టే ఇసుక తీరం దానిది కాదు. పోటుపాట్లు ఆడని చోట నాటితే ఏడాదిలో ఎండిపోతుంది, ఫొటో మాత్రం మిగులుతుంది. స్వామినాథన్ పరిశోధన సంస్థవారు గోదావరి మడలో చేసి చూపించిన పద్ధతి, చేపముల్లు ఆకారంలో చిన్న కాలువలు తవ్వి, ముందు నీటికి దారిచ్చి, ఆ తర్వాత మొక్క పెట్టడం. నీరు కదిలితే చాలాచోట్ల గింజ దానంతటదే వచ్చి నిలబడుతుంది.

చివరి మాట ఇక్కడున్న ఉపాధ్యాయులకు. మన పిల్లలకు కల్పవృక్షం తెలుసు, కొబ్బరి తెలుసు, మడ ఆకు ఎలా ఉంటుందో తెలియదు. అటవీశాఖ అనుమతి తీసుకుని ఏడాదికొకసారి వాళ్లను తీసుకెళ్లండి. అమావాస్య, పౌర్ణమి దగ్గర పాటు బాగా తీస్తుంది, ఊపిరి వేళ్లు స్పష్టంగా కనిపించేది అప్పుడే. తిల్ల కొమ్మను ముట్టుకోనివ్వకండి. మోకాలిదాకా బురదవుతుంది, పాత బట్టలు వేసుకురమ్మని ముందే చెప్పండి.